కోర్టులో ఓడిన పుస్తకాన్ని అటకెక్కించాలా?

ప్రశ్న: ఇంగ్లీషు టీచరుగా చేసి రిటైరయ్యాను. మాది తెనాలి. మా అబ్బాయి లండన్ నుంచి వస్తూ పాత పుస్తకాల షాపులో కొన్న మూడు పుస్తకాలు తెచ్చాడు. మూడూ నికొలాయ్ టాల్‌స్టాయ్ అనే ఆయన రాసినవే. విక్టిమ్స్ ఆఫ్ యాల్టా, ది మినిస్టర్ అండ్ ది మాసకర్స్, ది క్వెస్ట్ ఫర్ మెర్లిన్. మినిస్టర్ పుస్తకం ముందు పట్టుకున్నాను. 1945లో బ్రిటిష్ సైన్యం వేలమందిని నమ్మించి స్టాలిన్‌కీ యుగొస్లావియా నాయకుడు టిటోకీ అప్పగించిందని చదివాక రెండు రాత్రులు సరిగ్గా నిద్రపోలేదు. కొన్ని అధ్యాయాలు తెలుగు చేసి ఇక్కడి చిన్న పత్రికకు ఇద్దామనుకున్నాను. ఈలోగా మా మరిది ఫోన్‌లో ఏదో చూసి, "వదినా, ఈయన పరువునష్టం కేసు ఓడి 15 లక్షల పౌండ్ల జరిమానా పడ్డవాడు. మెర్లిన్ మాంత్రికుడు నిజంగా ఉన్నాడని కూడా రాశాడు. అయినా ఆ అప్పగించినవాళ్లంతా హిట్లర్ మనుషులేగా, వాళ్ల మీద నీకెందుకు జాలి?" అన్నాడు. అప్పటినుంచి ఆ పుస్తకం ముట్టుకోబుద్ధి కావడం లేదు. నేను చదివిందంతా అబద్ధమేనా? తెలుగు చేయొచ్చా, వద్దా?

జవాబు: మీ మరిదిగారి మాటల్లో పూర్తి అబద్ధం ఏదీ లేదు. పూర్తి నిజమూ లేదు. ముందుగా ఆ జరిమానా మాట దిద్దుకోండి. అది శిక్షగా వేసిన జరిమానా కాదు, పరువు పోయిందని దావా వేసిన మనిషికి చెల్లించమన్న నష్టపరిహారం. దాని కథ కొంచెం పెద్దది, తర్వాత వస్తాను.

పేరు చూసి మీకూ అనుమానం వచ్చే ఉంటుంది. అవును, ఆ టాల్‌స్టాయ్‌ల వంశమే. లియో టాల్‌స్టాయ్‌కి ఈయన దూరపు చుట్టం. తండ్రి చిన్నప్పుడే, విప్లవం తర్వాత రష్యా నుంచి బయటపడ్డాడు. ఈయన 1935లో ఇంగ్లండ్‌లో పుట్టి అక్కడే పెరిగాడు. దేశం పోగొట్టుకున్న రష్యన్ల మధ్య తిరిగిన మనిషి, రాచరికం ఉండాలని బాహాటంగా చెప్పే మనిషి. బోల్షివిక్కులంటే ఆయనకు గిట్టదని ప్రత్యేకంగా చెప్పక్కర్లేదు. ఇది గుర్తుపెట్టుకుని చదవాలి. అలాగని ఇదొక్కటీ చూసి పుస్తకం మూసేయకూడదు. మన తరానికి రష్యా అంటే విశాలాంధ్ర వాళ్ల వ్యానులో వచ్చిన రాదుగ పుస్తకాలు, ఉప్పల లక్ష్మణరావు గారి అనువాదాలు. మనకీ ఒక కన్ను ముందే అటు తిరిగి ఉంది కదా!

మీరు చేసిన పొరపాటు ఒకటే, మినిస్టర్ పుస్తకాన్ని ముందు చదవడం. అది 1986లో వచ్చింది. విక్టిమ్స్ ఆఫ్ యాల్టా 1977 నాటిది. ఈ రెండూ ఒకే సంగతి గురించే అయినా, అడిగే ప్రశ్నలు వేరు. విక్టిమ్స్ "ఏం జరిగింది" అని అడుగుతుంది. మినిస్టర్ "ఎవరు చేయించారు" అని అడుగుతుంది. ఈ తేడా పట్టుకుంటే మీ గందరగోళం చాలావరకు తీరిపోతుందని నా నమ్మకం.

ఏం జరిగిందో ముందు చూద్దాం. 1945 ఫిబ్రవరిలో యాల్టాలో చర్చిల్, రూజ్వెల్ట్, స్టాలిన్ కూర్చున్నప్పుడు, 11వ తేదీన ఒక ఒప్పందం మీద సంతకాలయ్యాయి. జర్మన్ల చేతుల్లోంచి విడిపించిన సోవియట్ పౌరులను బ్రిటిష్, అమెరికన్ సైన్యాలు వెనక్కి అప్పగించాలి, సోవియట్లు విడిపించిన బ్రిటిష్, అమెరికన్ ఖైదీలను వాళ్లు ఇటు అప్పగించాలి. తమ ఖైదీలు క్షేమంగా ఇంటికి రావాలని బ్రిటన్‌కు ఆత్రం. రానన్న వాణ్ణి కొట్టి మరీ పంపాలని ఆ ఒప్పందంలో ఎక్కడా లేదు. ఆచరణలో జరిగింది మాత్రం అదే. పడమటి మిత్రరాజ్యాలు అప్పగించిన సోవియట్ మనుషుల లెక్క 20 లక్షల పైమాటే. అందులో ఎక్కువమంది తమంత తాము వెళ్లినవాళ్లే. మిగిలినవాళ్ల సంగతి బ్రిటిష్ ఫైళ్లలో పడుకుంది. ఆ ఫైళ్లు 1972లో తెరిచారు. నికొలస్ బెథెల్ 1974లో ఆ ఫైళ్ల ఆధారంగా ఒక పుస్తకం తెచ్చాడు. టాల్‌స్టాయ్ ఆ దారినే వెళ్లి, ఇంకా పెద్ద వల వేశాడు. ఫైళ్లు చదవడంతో ఆగకుండా, బతికి బయటపడ్డవాళ్లనూ, వాళ్లను ట్రక్కులెక్కించిన బ్రిటిష్ సైనికులనూ వెతికి పట్టుకుని మాట్లాడాడు. ఆ పుస్తకం బలమంతా అక్కడుంది.

లీంట్స్ సంగతే తీసుకోండి. ఆస్ట్రియాలో ద్రావా నది ఒడ్డున చిన్న పట్నం. యుద్ధం ముగిసేసరికి జర్మన్ల పక్షాన ఉన్న కొసాక్కులు (రష్యా దక్షిణాది గుర్రపు యోధుల జనం) ఇటలీ వైపు నుంచి కొండలు దాటి అక్కడికి చేరి బ్రిటిష్‌వాళ్లకు లొంగిపోయారు. గుర్రాలు, బళ్లు, ముసలివాళ్లు, పిల్లలు, పూజారులు, అంతా కలిపి 20 వేలు దాటిన జనం. మే 28న వాళ్ల ఆఫీసర్లందరినీ పిలిచారు. ఫీల్డ్ మార్షల్ అలెగ్జాండర్ మీతో మాట్లాడతారు, మీటింగు అయ్యాక సాయంత్రానికి వచ్చేస్తారు అన్నారు. పదిహేను వందల మంది పైనే ట్రక్కులెక్కారు. మీటింగూ లేదు, మార్షలూ లేడు. రాత్రి ష్పిట్టాల్‌లో కాపలా మధ్య ఉంచి, మర్నాడు యూడెన్‌బుర్గ్ వంతెన దగ్గర సోవియట్ సైన్యానికి అప్పగించారు. సాయంత్రం దాకా భార్యలు దారి చూస్తూ కూర్చున్నారు.

జూన్ 1న మిగిలినవాళ్ల వంతు. పెగ్గెట్స్ శిబిరం మైదానంలో బల్లలతో పూజావేదిక కట్టి, పూజారులు పూర్తి వేషంలో పటాలు పట్టుకుని ప్రార్థన మొదలుపెట్టారు. చుట్టూ ఆడవాళ్లు, పిల్లలు, ఒకళ్ల చేతులు ఒకళ్లు పెనవేసుకుని నిలబడ్డారు. స్కాటిష్ పటాలం సైనికులు తుపాకీ మడమలతోనూ గునపాల పిడుల్లాంటి కర్రలతోనూ ఆ గుంపును విడగొట్టి ట్రక్కుల్లోకి ఎత్తిపడేశారు. జనం ఒత్తిడికి కంచె విరిగింది. నది వైపు పరిగెత్తినవాళ్లలో కొందరు పిల్లలతో సహా ద్రావాలోకి దూకారు. కర్రలు పట్టుకున్న సైనికుల్లో ఏడుస్తూ ఆ పని చేసినవాళ్లున్నారు. ముప్ఫయ్యేళ్ల తర్వాత కూడా వాళ్లు ఆ రోజు గురించి మాట్లాడటానికి తడబడ్డారు. మీకు నిద్ర పట్టకపోవడంలో వింతేమీ లేదు. ఇందులో ఏ కోర్టూ కొట్టేసిన భాగం లేదు.

హిట్లర్ మనుషులు కదా అన్న మాట దగ్గర మీ మరిదిగారికి సగం మార్కులు వేస్తాను. వీళ్లలో చాలామంది నిజంగానే జర్మన్ యూనిఫాం వేసుకున్నారు. జర్మన్ జనరల్ పన్విట్స్ కింద కొసాక్ ఆశ్వికదళం యుగొస్లావియాలో టిటో గెరిల్లాల మీద యుద్ధం చేసింది, ఊళ్లలో దారుణాలు చేసింది. ఉత్తర ఇటలీలో వీళ్ల మకాం పడ్డ కార్నియా లోయలో జనం వీళ్ల పేరు చెబితే ఇప్పటికీ మంచిగా తలుచుకోరు. టాల్‌స్టాయ్ ఈ వైపు మీద పెట్టాల్సినంత వెలుగు పెట్టడు. అది నా ఫిర్యాదు, రాసి పెట్టుకోండి. కానీ ట్రక్కులెక్కించిన పసిపిల్లలు ఏ యూనిఫాం వేసుకున్నారు? పైగా, వీళ్లలో అసలు సోవియట్ పౌరులే కానివాళ్లు ఉన్నారు. షోలొఖోవ్ డాన్ నవల చదివి ఉంటే మీకు అతమాన్ క్రస్నోవ్ గుర్తుంటాడు. 1918లో డాన్ కొసాక్కులకు నాయకుడు. ఆ నవలలో పాత్రగా వచ్చే ఆ మనిషే, నిజంగా ఆ మనిషే, 75 ఏళ్ల వయసులో లీంట్స్ నుంచి ఆ 'మీటింగు'కి బయల్దేరాడు. సోవియట్ ప్రభుత్వం నిలదొక్కుకునేలోపే దేశం వదిలిన మనిషి. యాల్టా ఒప్పందం ఆయనకు వర్తించదు. షుకురో అనే ఇంకో జనరల్ సంగతీ అంతే. అంతర్యుద్ధం రోజుల్లో బోల్షివిక్కుల మీద పోరాడినందుకు ఆయనకు బ్రిటిష్‌వాళ్లే పతకం ఇచ్చారు. 1947 జనవరిలో ఇద్దర్నీ మాస్కోలో ఉరి తీశారు. పన్విట్స్‌నూ వాళ్లతోపాటే.

యుగొస్లావ్‌ల సంగతి ఇంకా ఘోరం. వాళ్లకు యాల్టాతో సంబంధమే లేదు. క్లాగెన్‌ఫుర్ట్ దగ్గర విక్ట్రింగ్ మైదానంలో ఉన్న, టిటోకి ఎదురు నిలిచిన స్లొవేన్ సైనికులకు మిమ్మల్ని ఇటలీ పంపుతున్నాం అని చెప్పి రైలెక్కించారు. పెట్టెల తలుపులు మూశాక టిటో మనుషులు బయటికొచ్చారు. పదివేలకు తగ్గని స్లొవేన్లు అలా వెళ్లారు. వాళ్లలో చాలామంది కొచెవ్‌స్కి రోగ్ అడవిలోని గోతుల్లో తేలారు. అక్కడ ఇంకో ఆరు వేల మంది మామూలు జనం ఉన్నారు. రేపు మీ వంతు అనగా, వాళ్ల తరఫున డాక్టర్ మెర్షోల్ అనే ఆయన, శిబిరం చూసుకునే కెనడియన్ మేజర్‌తో కలిసి పై ఆఫీసర్ల దగ్గరికి వెళ్లి, మొండిగా వాదించి ఆపించాడు. ఆ ఆరు వేల మందీ బతికారు. ఈ ముక్క మీరు తప్పకుండా తెలుగు చేయాలి. అందరూ ఆ విషాదం గురించే రాస్తారు, డాక్టరు గారి గురించి ఎవరూ రాయరు.

ఇక మినిస్టర్ పుస్తకం. పైన చెప్పిందంతా జరిగిందనుకున్నాక, టాల్‌స్టాయ్‌కి ఒక ముల్లు గుచ్చుకుంది. క్రస్నోవ్ లాంటివాళ్లను అప్పగించమని ఒప్పందంలో లేదు, పైనుంచి స్పష్టమైన ఆజ్ఞా కనిపించదు, మరి ఎలా జరిగింది? ఆయన వేలు హెరాల్డ్ మాక్‌మిలన్ మీదికి వెళ్లింది. 1957 నుంచి 1963 దాకా ప్రధానమంత్రిగా చేసిన మాక్‌మిలనే. 1945లో మధ్యధరా ప్రాంతానికి చర్చిల్ పంపిన మంత్రి. మే 13న విమానంలో క్లాగెన్‌ఫుర్ట్ వచ్చి, అక్కడి కోర్ (పెద్ద సైనిక విభాగం) కమాండర్ కీట్లీతో మాట్లాడి వెళ్లాడు. ఆ రోజు డైరీలో ఆయనే రాసుకున్నాడు: అప్పగిస్తే బానిసత్వానికీ చిత్రహింసకీ బహుశా చావుకీ పంపినట్టే, అప్పగించకపోతే రష్యన్లకు కోపం, యాల్టా మాట తప్పినట్టు. తెలిసే చేశారన్న సంగతి ఈ డైరీతో రుజువైపోయింది. అక్కడితో ఆగి ఉంటే ఎవరూ ఏమీ అనలేకపోయేవాళ్లు. టాల్‌స్టాయ్ ఆగలేదు. మాక్‌మిలన్, కొందరు ఆఫీసర్లు కలిసి, పై సేనాధిపతి అలెగ్జాండర్ కళ్లు కప్పి, క్రస్నోవ్ లాంటివాళ్లనూ యుగొస్లావ్‌లనూ కావాలనే బలిపెట్టారని రాశాడు. అంటే ఒక కుట్ర. పుస్తకం వచ్చిన ఏడాది చివర్లోనే మాక్‌మిలన్ కన్నుమూశాడు.

ఆ కోర్‌లో స్టాఫ్ వ్యవహారాలు చూసిన బ్రిగేడియర్ టోబీ లో ఇంకా బతికే ఉన్నాడు. అప్పటికి ఆయన లార్డ్ ఆల్డింగ్టన్, వించెస్టర్ కాలేజీ అనే స్కూలుకి వార్డెన్, అంటే పాలకమండలి అధ్యక్షుడు. ఆయనతో ఒక బీమా క్లెయిమ్ విషయంలో గొడవున్న వ్యాపారి ఒకడు టాల్‌స్టాయ్‌ని కలిశాడు. టాల్‌స్టాయ్ కరపత్రం రాసిచ్చాడు. అందులో 70 వేల మంది ప్రాణాలకు ఆల్డింగ్టనే బాధ్యుడని, యుద్ధ నేరస్తుడని అర్థం వచ్చే మాటలున్నాయి. 1987లో దాదాపు పదివేల ప్రతులు ఆ స్కూలు పిల్లల తల్లిదండ్రులకూ, పూర్వ విద్యార్థులకూ, ఎంపీలకూ వెళ్లాయి. ఆల్డింగ్టన్ ముందు దావా వేసింది ఆ వ్యాపారి మీదే. టాల్‌స్టాయ్ తనంత తాను నన్నూ చేర్చండని లోపలికొచ్చాడు. ఇక్కడ కాస్త నవ్వొస్తుంది, కాస్త గౌరవమూ కలుగుతుంది. చేరకపోతే ఆయన ఇల్లూ వాకిలీ భద్రంగా ఉండేవి.

1989 నవంబర్ 30న జ్యూరీ ఆల్డింగ్టన్ పక్షాన తీర్పిచ్చి 15 లక్షల పౌండ్లు చెల్లించమంది. అప్పటికి బ్రిటన్‌లో పరువునష్టం కేసులో అంత పెద్ద మొత్తం ఎప్పుడూ లేదు. టాల్‌స్టాయ్ దివాలా తీశాడు. ఆ పుస్తకం అక్కడి షాపుల్లోంచీ తప్పుకుంది. మీ అబ్బాయికి దొరకడం అదృష్టమే.

ఆ తర్వాత 1995లో స్ట్రాస్‌బర్గ్‌లోని యూరోపియన్ మానవ హక్కుల కోర్టు, ఆ మొత్తం హద్దుమీరిందని, భావ ప్రకటన స్వేచ్ఛకు భంగమని చెప్పింది. టాల్‌స్టాయ్ అభిమానులు దీన్ని చూపించి ఆయన గెలిచాడంటారు. అది తప్పు. ఆ కోర్టు తప్పుపట్టింది అంకెను. కరపత్రంలో రాసింది నిజమని ఎక్కడా అనలేదు. మీ మరిదిగారు మొదటి తీర్పు చూసి ఆగిపోయారు, ఆ అభిమానులు రెండో తీర్పు తలకట్టు చూసి ఆగిపోయారు.

కుట్ర మాటకొస్తే, బ్రిగేడియర్ కౌగిల్ అనే రిటైరయిన సైనికాధికారి ఇంకో ఇద్దరితో కలిసి నాలుగేళ్లు ఆనాటి టెలిగ్రాములన్నీ గంట గంట లెక్కన పేర్చి చూశాడు. 1990లో వచ్చిన ఆ నివేదిక కుట్ర లేదని తేల్చింది. ఆ మే నెలలో క్లాగెన్‌ఫుర్ట్ ఉన్న కారింథియా ప్రాంతం ఎలా ఉందో ఊహించుకోండి. లొంగిపోయిన సైనికులు లక్షల్లో, కాందిశీకులు వేలల్లో. టిటో సైన్యం ఆ జిల్లా మాదే అని వచ్చి కూర్చుంది, రేపోమాపో బ్రిటిష్‌వాళ్లకూ వాళ్లకూ కాల్పులు మొదలయ్యేలా ఉంది. రోడ్లు ఖాళీ చేయాలి, అన్నం పెట్టాలి, త్వరగా తెమిలించాలి. పై ఆఫీసు నుంచి పూటకో టెలిగ్రాము, ఒకదాంతో ఒకటి పొసగదు. ఈ తొందరలో, ఈ నిర్లక్ష్యంలో అంత ఘోరం జరగడానికి కుట్ర అక్కర్లేదు. ఇది కౌగిల్ వాదం, నేనూ చాలావరకు అటే మొగ్గుతాను. అలాగని ఆ నివేదిక ఎవర్నీ కడిగి ముత్యంలా చేయదు. చేసిందని కొందరు చదువుకున్నారంతే.

ఒక కాగితం మాత్రం మీరు దగ్గరగా చూడాలి. మే 21న ఆ కోర్ హెడ్‌క్వార్టర్స్ నుంచి టోబీ లో పేరుతో వెళ్లిన ఆదేశం. ఎవర్ని సోవియట్ పౌరులుగా లెక్కగట్టాలో అందులో ఉంది. ఫలానా ఫలానా దళాలను మొత్తంగా సోవియట్ మనుషులుగానే చూడండి, గట్టిగా పట్టుబడితే తప్ప విడివిడి కేసులు పరిశీలించవద్దు, అనుమానం వస్తే సోవియట్ పౌరుడిగానే లెక్కించండి. షుకురో దళం పేరు ఆ జాబితాలో ఉంది. అదే ఆదేశంలో కర్నల్ రొగోజిన్ నడిపిన ఇంకో రష్యన్ దళాన్ని మాత్రం సోవియట్ పౌరులుగా చూడవద్దని ఉంది. వాళ్లు బతికిపోయారు. తమకు తెలిసింది అంతేనని, పైవాళ్ల ఆజ్ఞ పాటించామని, అప్పగించినవాళ్లను చంపుతారని తాము అనుకోలేదని ఆల్డింగ్టన్ కోర్టులో చెప్పాడు. ఆయన మాట నమ్ముతారో లేదో మీ ఇష్టం. కానీ గుమాస్తా భాషలో రాసిన ఆ నాలుగు వాక్యాలు చదివితే నాకు ఏ కుట్ర కథ చదివినా కలగనంత దడ పుట్టింది. ఎవరికీ ఎవరి మీదా పగ లేదు. అనుమానం వచ్చిన చోట టిక్కు ఎటు కొట్టాలో చెప్పారంతే.

మెర్లిన్‌తో దీనికేం సంబంధం అంటారా? ఉంది. ఆ పుస్తకం 1985ది, అంటే మినిస్టర్‌కు ఏడాది ముందుది. రెండు పుస్తకాలనూ పక్కపక్కన పెట్టి చదివితే రచయిత చేతి వాటం తెలిసిపోతుంది.

సినిమాల్లో గడ్డం, టోపీ పెట్టుకుని ఆర్థర్ రాజు పక్కన నిలబడే మెర్లిన్ 12వ శతాబ్దపు సరుకు. జెఫ్రీ ఆఫ్ మన్మత్ అనే మతాచార్యుడు 1136 ప్రాంతంలో బ్రిటన్ రాజుల చరిత్ర అంటూ లాటిన్‌లో రాసి అందులో ఈ పాత్రను నిలబెట్టాడు. అంతకుముందు వేల్స్ పాటల్లో మిర్దిన్ అనే ఒకడున్నాడు, వాడి కథ వేరు. 573లో అర్ఫ్‌డెరిడ్ అనేచోట, ఇప్పటి ఇంగ్లండ్ స్కాట్లండ్ సరిహద్దు దగ్గర, యుద్ధం జరిగింది. మిర్దిన్ ప్రభువు గ్వెన్‌దొలై అందులో చచ్చిపోయాడు. మిర్దిన్‌కు మతి చలించి అడవిలో పడి, ఆపిల్ చెట్టుతోనూ పంది పిల్లతోనూ మాట్లాడుకుంటూ, జరగబోయేది చెబుతూ తిరిగాడు. జెఫ్రీ ఈ పేరును లాటిన్‌లోకి తెచ్చేటప్పుడు 'ద' తీసి 'ల' ఎందుకు పెట్టాడో తెలుసా? మెర్దినుస్ అంటే ఫ్రెంచి మాట్లాడే దొరలకు మలం గుర్తొస్తుందని పండితులంటారు. లేకపోతే పిల్లల సినిమాలకు ఇబ్బందయ్యేది.

టాల్‌స్టాయ్ వాదం ఏమిటంటే, ఈ మిర్దిన్ నిజంగా బతికిన మనిషి, క్రైస్తవం వచ్చాక మిగిలిన చివరి డ్రూయిడ్లలో, అంటే పాత కెల్టు మతపు పూజారుల్లో, ఒకడు. స్కాట్లండ్ దక్షిణాన మోఫట్ అనే ఊరి దగ్గర హార్ట్ ఫెల్ కొండ మీది ఊటే అతని చోటని చెబుతాడు. కాలినడకన కొండలెక్కి వెతుకుతాడు. ఆ అధ్యాయాలు చదువుతుంటే బూట్లకు బురద అంటుకున్నట్టే ఉంటుంది. మిర్దిన్ కథకే ఇంకో రూపంగా చెప్పే లైలోకెన్ అనే మతిచలించిన జోస్యగాడి చావు గురించి రాసిన భాగం అన్నింటికన్నా నాకిష్టం. వాడు తన చావు గురించి మూడు రకాలుగా చెబుతాడు, రాళ్ల దెబ్బతో, గుంజ దిగి, నీళ్లలో మునిగి. అందరూ నవ్వుతారు. పశువుల కాపర్లు రాళ్లు రువ్వితే ట్వీడ్ నది ఒడ్డునుంచి జారి, చేపల కోసం పాతిన గుంజ మీద పడి, తల నీళ్లలో మునిగి చస్తాడు. హిరణ్యకశిపుడి కథ విన్న మనకు ఆ లెక్క వెంటనే అర్థమవుతుంది.

జోస్యాల సంగతి కూడా మనకు కొత్త కాదు. నడి యుగాల్లో మెర్లిన్ పేరు మోగింది మంత్రాలతో కన్నా జోస్యాలతోనే. ఏదైనా జరిగాక, మెర్లిన్ ఎప్పుడో చెప్పాడు అనేవాళ్లు. కొత్త జోస్యాలు రాసి ఆయన ఖాతాలో వేసేవాళ్లు. మన ఇళ్లలో ఏ వింత జరిగినా "బ్రహ్మంగారు ఎప్పుడో చెప్పారు" అనుకోవడం లేదూ? కాలజ్ఞానంలో ఎవరు ఎప్పుడు ఏ ముక్క చేర్చారో తేల్చడం ఎంత కష్టమో, మెర్లిన్ జోస్యాలదీ అంతే.

అయితే వేల్స్ పండితులు చాలామంది మిర్దిన్ ఉన్నాడనే ఒప్పుకోరు. వేల్స్‌లో కార్మార్థెన్ అని ఊరుంది, వాళ్ల భాషలో కేర్‌వర్దిన్. దాని రోమన్ కాలం పేరు మొరిడూనుమ్, సముద్రపు కోట అని అర్థం. కాలక్రమంలో ఆ అర్థం మరిచిపోయి, 'మిర్దిన్ కోట' అనుకుని, ఊరి పేరులోంచి మనిషిని పుట్టించారని వాళ్ల మాట. "లే పక్షీ" అని రాముడు అన్నాడు కాబట్టి లేపాక్షి అయిందని మనం చెప్పుకోవట్లేదా? టాల్‌స్టాయ్‌కి ఈ వాదం తెలుసు, కానీ నచ్చదు. ఆయనకు కథ వెనక ఊరి పేరు చాలదు, మనిషి కావాలి. పేరూ ఊరూ ఉన్న ఒక్క మనిషి. ఆర్నెల్లు తిరిగినా సరే ఆ మనిషి అడుగుజాడ చూడందే నిద్రపోడు.

ఇప్పుడు మాక్‌మిలన్ పుస్తకం మళ్లీ తెరవండి. అక్కడా అదే ఆకలి. గందరగోళం, తొందర, పొసగని టెలిగ్రాములు ఆయనకు చాలలేదు. వెనక ఒక మనిషి ఉండాలి. మెర్లిన్ విషయంలో ఈ ఆకలి వల్ల ఎవరికీ నష్టం లేదు, మంచి పుస్తకం వచ్చింది. 1400 ఏళ్ల కిందటి మిర్దిన్ పరువునష్టం దావా వేయడు. బతికున్న ముసలాయన వేశాడు.

ఒక పని చేయండి. టీచరుగా చేశారు కాబట్టి పేపర్లు దిద్దిన అలవాటు ఉండే ఉంటుంది. మినిస్టర్ పుస్తకం ఈసారి నీలం పెన్సిలు, ఎర్ర పెన్సిలు పట్టుకుని చదవండి. చూసినవాడు చెప్పింది, కాగితం మీద ఉన్నది కనిపిస్తే నీలం. "అయి ఉండాలి", "తెలియకుండా ఉండే అవకాశం లేదు", "ఇంకెవరు చేయగలరు" తరహా వాక్యం వస్తే ఎరుపు. లీంట్స్, విక్ట్రింగ్ భాగాలు దాదాపు నీలంగా ఉంటాయి. మాక్‌మిలన్ భాగాల్లో పేజీకి పేజీ ఎర్రబడుతుంది. మెర్లిన్ పుస్తకానికి కూడా ఇదే చేసి చూడండి, సరదాగా ఉంటుంది.

తెలుగు చేయడం గురించి అడిగారు. అధ్యాయాలకు అధ్యాయాలు అనువాదం చేసి పత్రికకు ఇవ్వకండి. కాపీరైటు ఉంది, అనుమతి కావాలి. చిన్న పత్రికే కదా ఎవరు చూస్తారులే అనుకోవద్దు. దానికన్నా నా అసలు భయం వేరు. ఎర్ర వాక్యాలు తెలుగులోకి వచ్చేసరికి నీలంగా మారిపోతాయి. ఇంగ్లీషులోని "మస్ట్ హావ్" అనువాదంలో జారిపోయి, "చేశాడు" అని మిగులుతుంది. నేను ఆ తప్పు చేసినవాణ్ణే, ఎడిటరు గారితో చీవాట్లు తిన్నవాణ్ణే. చనిపోయినవాళ్ల గురించి రాసినా కుటుంబం మనసు నొప్పించేలా ఉంటే మన చట్టంలో పరువునష్టం కిందికి రావచ్చు.

మీరే సొంతంగా ఒక వ్యాసం రాయండి, పుస్తకాల పరిచయంలా. రెండు మూడు చిన్న ఉల్లేఖనలు మాత్రం పెట్టుకోండి. మే 28 మీటింగుతో మొదలుపెట్టండి. మే 21 ఆదేశంలో ఉన్నది ఉన్నట్టు చెప్పండి, దానికి మీ వ్యాఖ్య వద్దు. కొసాక్కులు యుగొస్లావియాలో, ఇటలీలో ఏం చేశారో ఒక పేరా తప్పకుండా ఉండాలి, లేకపోతే మీ మరిదిగారు మొదటి ఉత్తరం రాస్తారు. మెర్షోల్ డాక్టరుకు సగం పేజీ ఇవ్వండి. కేసు గురించి నాలుగు వాక్యాలు చాలు, ఓడిన సంగతీ స్ట్రాస్‌బర్గ్ సంగతీ రెండూ ఉండాలి. కుట్ర గురించి రాయాలనిపిస్తే 'టాల్‌స్టాయ్ వాదన ఇది, కౌగిల్ బృందం కాదంది' అని రెండు పేర్లూ ఒకే వాక్యంలో పెట్టండి.

మెర్లిన్‌ని ఈ వ్యాసంలో కలపకండి. దానికి వేరే వ్యాసం రాయండి. బ్రహ్మంగారి మాట, లేపాక్షి మాట నా దగ్గరనుంచి తీసుకోవచ్చు, ఫీజు లేదు.

మరిదిగారికి విక్టిమ్స్ ఆఫ్ యాల్టా ఇచ్చి చదవమనండి. మినిస్టర్ మాత్రం పెన్సిళ్ల పని అయ్యేదాకా మీ దగ్గరే ఉంచుకోండి. మీ అబ్బాయి ఇంకా లండన్‌లోనే ఉంటే, సౌత్ కెన్సింగ్టన్‌లో విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం ఎదురుగా రోడ్డు దాటి థర్లో స్క్వేర్ మూల చిన్న తోటలోకి వెళ్లమనండి. అప్పగించినవాళ్ల జ్ఞాపకార్థం అక్కడ పన్నెండు తలలున్న కంచు విగ్రహం ఉంది. ముందు 1982లో ఒక స్మారకం పెడితే ఎవరో పగలగొట్టారు, దాని బదులు 1986లో ఇది పెట్టారు. ఒక ఫోటో తీసి పంపమనండి. పత్రికవాళ్లు బొమ్మ ఉందా అని ఎలాగూ అడుగుతారు.